సుద్దగీతల ఇల్లు

మా మరదలు సినిమాలు తీస్తుందని చెప్పగానే ఎవరైనా ముందు అడిగేది, "హీరో ఎవరండీ?" అని. హీరో లేడంటాను. "పోనీ కథేంటి?" కథ కూడా లేదంటాను. "పాటలైనా..." అనేలోపు నేను పరుపు కొలతల్లోకి దిగిపోతాను. నాది పరుపుల దుకాణం. నడుంనొప్పితో వచ్చినవాళ్ళకు తలనొప్పి కూడా అంటగట్టి పంపడం న్యాయం కాదు.

ఆమె నా భార్యకు చెల్లెలు. ఇంట్లో అందరికీ చిట్టి. ఆసుపత్రిలో ఎక్స్‌రేలు తీసే ఉద్యోగం. పొద్దున్నుంచి మధ్యాహ్నం దాకా "ఊపిరి బిగబట్టండి... ఇక వదలండి" అంటూ ఊళ్ళోవాళ్ళ ఎముకలు చూస్తుంది. డ్యూటీ దిగాక నా దుకాణం వెనక గోడౌన్‌కు వచ్చి ఊళ్ళోవాళ్ళ గదులు చూస్తుంది. ఉన్న గదులు కావు, పోయిన గదులు.

ఆమె పద్ధతి ఇదీ. ఒకప్పుడు ఒకే గదిలో ఉన్న ఇద్దరు మనుషులను వెతికి పట్టుకుంటుంది. ఆ గది ఇప్పుడు ఉండకూడదు. ముందు ఒకరిని పిలిచి చేతికి సుద్దముక్క ఇస్తుంది. గోడౌన్ సిమెంటు నేల మీద వాళ్ళు ఆ గదిని ఉన్నంత సైజులో గీయాలి. ఇక్కడ మంచం, ఇక్కడ గుమ్మం, ఇక్కడ నీళ్ళబిందె. గీశాక అందులో అప్పట్లో తిరిగినట్టే తిరగాలి. మరదలు తన పాత కెమెరాకు చాబీ తిప్పి, అది గిర్రుమంటుంటే తీస్తుంది. తర్వాత నేల కడిగించి, అదే రీలును మొదటికంటా వెనక్కి తిప్పి, రెండోవాళ్ళను పిలిచి, మొదటి బొమ్మ మీదే రెండో బొమ్మ తీస్తుంది. రీలు కడిగి గోడ మీద వేస్తే ఇద్దరూ ఒకే గదిలో ఉంటారు, కానీ ఇద్దరి గదీ ఒకటి కాదు. ఒకరి మంచంలోంచి ఇంకొకరు నడిచి వెళ్ళిపోతారు. "ఆ తేడాయే నా సినిమా బావా" అంటుంది. తేడాగా ఉందని నేను మొదట్నుంచీ అంటూనే ఉన్నాను.

నేల కడిగేది ఎవరని మీరు అడగలేదు. నేనే. సుద్దపొడి పరుపుల గలేబులకు అంటుకుంటే దులుపుకునేదీ నేనే. వద్దని చిలక్కి చెప్పినట్టు చెప్పాను. వింటేనా! చుట్టాలావిడ ఒకరు పాపం ఈమెకు కెమెరా ఉంది కదా అని కూతురి పుట్టినరోజుకు వీడియో తీయమని బతిమాలింది. ఈమె వెళ్ళి, అతిథులంతా వెళ్ళిపోయేదాకా ఆగి, ఖాళీ కుర్చీల వీడియో తీసుకొచ్చింది. "కుర్చీలు ఎవరు ఎక్కడ కూర్చున్నారో చెబుతున్నాయి, చూడండి" అందట. ఆవిడ ఇప్పటికీ మా ఇంటి గుమ్మం తొక్కలేదు.

కానీ ఆ సినిమాల్లో ఏదో ఉందని నేను ఒప్పుకోవాలి. ఒకసారి రిటైరైన నర్సులిద్దరిని తీసుకొచ్చింది. వయసులో ఉండగా ఇద్దరూ ఒకే హాస్టల్ గదిలో ఉన్నవాళ్ళు. మొదటావిడ గదికి పెద్ద కిటికీ గీసి, దాని దగ్గర నిలబడి జుట్టు ఆరబెట్టుకుంది. రెండో ఆవిడ అసలు కిటికీయే గీయలేదు. ఆవిడ మంచం అవతలి గోడ వైపట. సినిమా చూస్తూ, "గాలంతా నువ్వే పీల్చావన్నమాట!" అని రెండో ఆవిడ అక్కడికక్కడే తగువు పెట్టుకుంది. కాసేపటికి ఇద్దరూ ఒకరి మీద ఒకరు పడి నవ్వుకున్నారు. నేను కూడా బయటికి వచ్చి కళ్ళు తుడుచుకున్నాను. సుద్దపొడి అని చెప్పాను.

ఆమె పనిలో కచ్చితమైన నియమాలు రెండు. ఇద్దరూ ఆ గది గురించి ముందుగా మాట్లాడుకోకూడదు. ఏం జరిగిందని తను ఎవరినీ అడగదు. ఏది ఎక్కడుందని మాత్రమే అడుగుతుంది. "ఏం జరిగిందంటే మనుషులు వాదిస్తారు బావా. ఎక్కడుందంటే వేలు పెట్టి చూపిస్తారు."

ఈ పిచ్చి ఎందుకు పట్టిందని ఒకరోజు అడిగాను. తను పుట్టినప్పుడు వాళ్ళు ఒక మేడ మీద పైవాటాలో అద్దెకుండేవారు. తనకు నడక కూడా రాకముందే ఇల్లు మారారు. ఆ మేడ పడగొట్టి ఇప్పుడు కార్లు నిలుపుకునే చోటు చేశారు. "అక్కా వాళ్ళూ ఆ ఇంటి గురించి ఎప్పుడైనా ఒక ముక్క మాట్లాడుకుంటే నేను పరాయిదానిలా వింటూ కూర్చునేదాన్ని. నేనూ అందులో ఉన్నాను కదా! కానీ నా దగ్గర ఒక్క గోడ కూడా లేదు" అంది. ఎంతమంది గదులు తీసినా ఆమెకు కావాల్సింది ఆ ఇల్లే. అమ్మానాన్నలు పోయాక అది ఇవ్వగలిగినవాళ్ళు ఇద్దరే, వాళ్ళ అక్కా, అన్నా. అక్క మాత్రం ఆ మాట ఎత్తగానే "నాకేం గుర్తులేదే" అని వంటింట్లోకి వెళ్ళిపోయేది.

ఆ అక్కే నా భార్య. ఎందుకు వెళ్ళిపోయేదో నాకు తెలుసు. పెళ్ళయిన కొత్తలో నాకొక్కడికే చెప్పింది, ఎవరికీ చెప్పనని ఒట్టు వేయించుకుంది. ఆ పైవాటాలో ఉన్నప్పుడు తను మూడో తరగతి. తమ్ముడు ఇంకా బడిలో పడలేదు. చిట్టి ఉయ్యాల్లో పిల్ల. ఒక సాయంత్రం తను కింద కుళాయి నుంచి నీళ్ళు మోసుకొచ్చింది. "గడియ వెయ్యవే, వాడు మెట్ల మీదికి పోతాడు" అని మా అత్తగారు లోపల్నుంచి కేకేశారు. కాసేపటికి మెట్ల కింద నుంచి ఏడుపు. తను వంటింట్లోంచి పరుగెత్తుకొచ్చేసరికి వీధి తలుపు బార్లా తెరిచి ఉంది, అత్తగారు గబగబా మెట్లు దిగుతున్నారు. పిల్లవాడి తుంటి విరిగింది. సరిగా అతకలేదు. ఒక కాలు పొట్టిదైపోయింది.

గడియ వేసినట్టు తనకు లీలగా గుర్తుంది. కానీ తలుపు తెరిచే ఉంది కదా! అంటే ఆ గుర్తు తన మనసు తర్వాత కల్పించుకున్నదే అనుకుంది. ఇంట్లో ఎవరూ తనను పల్లెత్తు మాట అనలేదు. అత్తగారు ఆ సంగతే ఎత్తనిచ్చేవారు కాదు. నన్ను తిడితే ఈ బాధ తీరిపోయేది కదా అని నా భార్య ఎన్నిసార్లు అందో! తమ్ముడికి జ్వరమొస్తే తను ముద్ద ముట్టదు. వాడు తుమ్మితే ఇక్కడ మా ఇంట్లో కషాయం కాగుతుంది.

ఆ తమ్ముడి ముద్దుపేరు పిడుగు. కళ్ళజోళ్ళ దుకాణం పెట్టుకున్నాడు, పెళ్ళాం పిల్లలతో చల్లగా ఉన్నాడు. "నా కాలు పొట్టిది కాదు బావా, రెండోది అనవసరంగా పెరిగింది" అంటాడు. వాడి నోట్లో నువ్వుగింజ నానదు.

మొన్న వేసవిలో వాడికి తుంటి బాగా నొప్పి చేసింది. ఆపరేషన్ చేయాలన్నారు. ఎక్స్‌రే తీసింది చెల్లెలే. ఆ సాయంత్రం ఫిల్ము తెచ్చి నా దుకాణం ట్యూబులైటుకు పట్టి చూపించింది. "ఎముక విరిగి అతుక్కున్నచోట మందంగా ఉంటుంది, చూశావా బావా. అది మర్చిపోదు. పిల్లప్పుడు ఎలా పడ్డాడని డాక్టరు అడిగితే అన్నయ్య మెట్ల మీంచి అని నవ్వేసి వదిలేశాడు, అక్క నోరే విప్పలేదు. నేనంటే ఉయ్యాల్లో ఉన్నా. వీళ్ళకేమొచ్చింది?" అంది. ఒట్టు గుర్తొచ్చి నేను ఎదురుగా ఉన్న దిండు గలేబు సర్దాను. ఆపరేషన్‌కు ముందే అన్నయ్య చేత ఆ ఇల్లు గీయిస్తానని, వాడు ఒప్పుకున్నాడని చెప్పింది.

ఇంటికెళ్ళి ఆ మాట చెప్పగానే నా భార్య మడతపెడుతున్న దుప్పటి చేతిలోనే ఉండిపోయింది.

"వాడు తలుపు గీస్తాడు" అంది. "తెరిచి ఉన్నట్టు గీస్తాడు. చిట్టి దాన్ని గోడ మీద అందరికీ వేసి చూపిస్తుంది."

"వాడికప్పుడు బొడ్డూడని వయసు. ఏం గుర్తుంటుంది?"

"పడ్డవాడికి గుర్తుండదా ఏమండీ?"

గుమ్మడికాయల దొంగ అంటే భుజాలు తడుముకోవడం అంటే ఇదే, కాకపోతే ఈమె దొంగతనం చేసిందో లేదో ఈమెకే తెలియదు. పిల్లికి చెలగాటం, ఎలుకకు ప్రాణసంకటంగా ఉంది నా ఇంట్లో. మరదలికి చెప్పేద్దామా అనిపించింది. చెబితే ఒట్టు పోతుంది, పైగా ఆమె సినిమా నియమం కూడా పోతుంది. రెండు రోజులు నా భార్య మడిచిన దుప్పట్లే మళ్ళీ మళ్ళీ మడిచింది. మూడో రోజు చెల్లెలికి ఫోన్ చేసి, "ముందు నేనే నడుస్తానే" అంది. వాడు ఎలాగూ చూపిస్తాడు, తను దాక్కున్నదనే మాట కూడా ఎందుకు పడాలి అనుకుంది. నాకు భార్య మీద అంత గౌరవం ఎప్పుడూ కలగలేదు.

ఆమె సుద్దముక్క పట్టుకుని గీస్తుంటే నేను పరుపుల చాటున నిలబడ్డాను. ఏమీ గుర్తులేదన్న మనిషి బియ్యం డబ్బా ఎక్కడుండేదో, గోడకు మేకు ఎక్కడుండేదో కూడా గీసింది. వీధి తలుపు అన్నిటికంటే ఆఖరున గీసింది. ఆ తర్వాత నడిచింది. బిందె దించింది, కొంగుతో చేతులు తుడుచుకోబోయి, అప్పటికి తనకు కొంగు లేదని గుర్తొచ్చి గౌనుకు తుడుచుకున్నట్టు తుడుచుకుంది. తలుపు ముందు నిలబడింది. మునివేళ్ళ మీద లేచి చెయ్యి పైకెత్తింది. అక్కడ ఆగిపోయింది. చెయ్యి అలాగే గాల్లో ఉంది. గడియ వేయబోతోందో, తీసి ఉందని చూస్తోందో, చూసేవాళ్ళకు తెలియదు. కెమెరా చాబీ అయిపోయి ఆగేదాకా చెయ్యి దించలేదు.

మరదలు ఒక్క మాట అడగలేదు. అక్కకు మంచినీళ్ళిచ్చి, రీలు వెనక్కి తిప్పుకుంది. ఆ రోజు నేల నేను రెండుసార్లు కడిగాను. "ఎందుకు బావా అంతలా రుద్దుతున్నావ్?" అంది. మరకలంటే నాకు చిరాకన్నాను.

పిడుగు ఆదివారం వచ్చాడు. మొదట నడిచినవాళ్ళు రెండోవాళ్ళను చూడొచ్చు, నోరు మాత్రం మెదపకూడదు. నా భార్య ఒక పరుపు అంచున కూర్చుంది. పక్కన నేను. ఆమె చెయ్యి నా చేతిలో ఉంది.

వాడు సుద్దముక్క తీసుకుని, నొప్పికాలు చాపుకుని, నేల మీద చతికిలబడ్డాడు. అందరూ నిలబడి గోడలతో మొదలుపెడతారు. వీడు బల్ల కింద నుంచి మొదలుపెట్టాడు. బల్లకాళ్ళు గీశాడు. వాటి మధ్య తన గోలీలు దాచుకునే చోటు గీశాడు. ట్రంకుపెట్టె, దాని వెనక దుమ్ము, నెత్తి మీద వేలాడే ఉయ్యాల గుడ్డ. వీడు గీస్తున్నది ఇల్లు కాదు, ఇంటి అడుగుభాగం. పాక్కుంటూ గీసుకుంటూ వెళ్ళి ఒక గోడకు పెద్ద కిటికీ పెట్టి, "అయిపోయింది" అని చేతులు దులుపుకున్నాడు.

మరదలు చుట్టూ చూసింది. "అన్నయ్యా, తలుపు ఎక్కడ?"

నా భార్య గోళ్ళు నా అరచేతిలో దిగాయి.

"తలుపా? ఉండే ఉంటుంది ఎక్కడో" అన్నాడు వాడు. "తలుపుతో నాకేం పని? ఆ గడియ నాకు అందేది కాదుగా. నేనెప్పుడూ కిటికీలోంచేగా వెళ్ళేది!"

మరదలు చాబీ తిప్పింది, కెమెరా గిర్రుమంది. వాడు సుద్దకిటికీ దగ్గర పక్కకు తిరిగి పడుకున్నాడు. "కింద ఒక ఊచ ఊడిపోయి ఉండేది. ఇలా ముందు తల, తర్వాత భుజం. అటు దిగితే మెట్ల పైన చిన్న చదును. ఆ రోజు పిల్లిపిల్ల అక్కడ కూర్చుంది. దాన్ని పట్టుకుందామని దూరాను, కాలు ఇరుక్కుంది, గట్టిగా లాక్కున్నాను. అంతే, మెట్లన్నీ ఒకేసారి దిగేశా" అని తనే నవ్వాడు.

నా భార్య లేచింది. నియమం, గియమం ఏదీ ఆమెకు గుర్తులేదు. సుద్దగీతలు తొక్కుకుంటూ వాడి దగ్గరికి వెళ్ళింది.

"మరి తలుపు తెరిచి ఉంది కదరా! నేను చూశాను!"

"నువ్వు చూసేసరికి అమ్మ తీసిందిలే. నేను కింద పడి ఏడుస్తుంటే ఆ గడియ కీచుమని చప్పుడైంది. వస్తోందిరా అమ్మ, ఇక వీపు పగిలిపోతుంది అనుకున్నా. ఆ గడియ ఎలా అరిచేదో నీకు గుర్తులేదా అక్కా?"

"గడియ... వేసి ఉందా?"

"వేసి ఉంటేనేగా కీచుమంటుంది. ఎందుకలా చూస్తావ్?"

ఆమె వాడి పక్కనే నేల మీద కూలబడింది. సుద్దకిటికీ మీద చెయ్యి పెట్టింది. తర్వాత మెల్లగా, "ఆ వారమే అమ్మ కిటికీకి చెక్క కొట్టించింది. వానజల్లు పడుతోందేమో అనుకున్నా" అంది. "ఊచ వేయించలేదని అమ్మ తన్ను తాను తిట్టుకుని ఉంటుంది రా. అందుకే ఆ మాట ఎత్తనివ్వలేదు. నా మీద కోపం మింగుతోందనుకున్నాను."

"నీ మీద కోపమెందుకు?" అన్నాడు వాడు, నిజంగానే అర్థం కాక.

అప్పుడు చెప్పింది. గడియ సంగతి, చెయ్యి సంగతి, అన్నీ. వింటూ వింటూ పిడుగు మొహంలో నవ్వు పోయింది. నా భార్య ఏడుస్తూనే వాడి వీపు మీద దబదబా నాలుగు బాదింది. "చెప్పి చావొచ్చు కదరా! ఇన్నేళ్ళు! ఒక్కసారైనా కిటికీ అని చెప్పి చావొచ్చు కదా!"

"నన్నెవరైనా అడిగారా? అందరికీ తెలుసనుకున్నానే! కొట్టకే, తుంటి నొప్పి!" అని వాడూ ఏడ్చాడు. లోకంలో ప్రతి విషయం వాగే మనిషి ఈ ఒక్కటి మాత్రం అందరికీ తెలుసనుకుని ఊరుకున్నాడు. నాకు ఏడుపూ నవ్వూ కలిసి వచ్చాయి. గుండెల మీద నుంచి పరుపుల లారీ దిగినట్టయింది.

మరదలు కెమెరా పక్కన పెట్టేసి ఎప్పుడు వచ్చిందో, అక్క వీపుకు మొహం ఆనించి కూర్చుని ఉంది. "నన్ను కూడా వదిలేశావేమే, నాకైనా చెప్పాల్సింది" అంటోంది.

ఆపరేషన్ చక్కగా జరిగింది. చేతికర్ర ఊతంతో నడవడం మొదలుపెట్టగానే వాడు చేసిన మొదటి పని సినిమా చూడ్డానికి రావడం. ఒక మధ్యాహ్నం షట్టర్ సగం దించి, కిటికీలకు గలేబులు కట్టి, మేం నలుగురమే చూశాం.

గోడ మీద నా భార్య మునివేళ్ళ మీద నిలబడి చెయ్యెత్తి ఉంది. ఆమె మోచేతి పక్కగా, గోడలోంచి పుట్టినట్టు, పిడుగు తల బయటికి వచ్చింది, తర్వాత భుజం. ఆమె తలుపు దగ్గర అలాగే నిలబడి ఉంది, వాడు ఆమెను దాటుకుని వెళ్ళిపోయాడు. బయటివాళ్ళకు ఎవరికీ ఏమీ అర్థం కాదు. నా భార్య మాత్రం "చూడండి, చూడండి, నేను వేస్తూనే ఉన్నాను" అని నా చెయ్యి లాగింది. మళ్ళీ వేయమంది. మళ్ళీ వేశాక ఇంకోసారి వేయమంది.

మూడోసారి మరదలు రీలు ఆపేసింది. గోడ దగ్గరికి వెళ్ళి ఒకచోట వేలు పెట్టింది. ఇద్దరి గీతల్లో బల్ల కలవలేదు, పెట్టె కలవలేదు, గోడలే కలవలేదు. ఉయ్యాల ఒక్కటి కలిసింది. అక్క పైనుంచి గీసింది, అన్న కింద నుంచి గీశాడు, రెండూ సరిగ్గా ఒకేచోట పడ్డాయి. ఆమె చాలాసేపు వేలు తీయలేదు.

పిడుగు కర్ర టకటకలాడించుకుంటూ ఇంటికెళ్ళాడు. నేను షట్టర్ ఎత్తి, గోడౌన్‌లోకి తిరిగొచ్చేసరికి నా భార్య అమ్మకానికి పెట్టిన పరుపు మీద ఒత్తిగిలి నిద్రపోతోంది. నోరు కొంచెం తెరుచుకుని ఉంది. సన్నగా గురక కూడా. పగలు కునుకు తీసే మనిషి కాదు. రాత్రుళ్ళు కూడా చిన్న చప్పుడుకే లేచి కూర్చునేది. నేను పరుపులు అమ్ముకునేవాణ్ణి, ఇంత నిద్ర ఎవరికీ అమ్మలేదు.

మరదలు రీలు డబ్బాలో పెట్టుకుంటోంది. కెమెరా మెడలోనే ఉంది. "మీ అక్కను తియ్యవా?" అని గుసగుసగా అడిగాను.

ఆమె అక్క వైపు చూసింది. "వద్దు బావా. ఈ గదిలో నేనూ ఉన్నానుగా, గుర్తుంటుంది" అంది.

ఇంతలో ముందు దుకాణంలోకి ఎవరో ఆలుమగలు వచ్చారు. పరుపులన్నీ నొక్కి నొక్కి చూసి, గోడౌన్ గుమ్మంలోంచి లోపలికి తొంగిచూసి, "అదిగో, ఆవిడ పడుకున్న పరుపు చూపించండి, అది బాగున్నట్టుంది" అన్నారు. గొంతు తగ్గించమని వేలితో సైగ చేసి, అది అమ్ముడుపోయిందండీ అని చెప్పాను.